మొక్కజొన్న: ద్రవ్యంతో పాటు విధానమూ తెలియాలి

"మొక్కజొన్న వేడి చేస్తుందా, చలవ చేస్తుందా?" నా వైద్యశాలకు వచ్చే గృహిణులు తరచుగా అడిగే ప్రశ్న ఇది. తొలకరి పడి, వీధి మలుపుల్లో బొగ్గుల మీద పొత్తులు కాలే వాసన రాగానే ఈ ప్రశ్న మరీ ఎక్కువవుతుంది. దీనికి ఒక్కమాటలో సమాధానం చెప్పడం నాకు సాధ్యం కాదు. ఏ భాగాన్ని, ఏ విధంగా వండి, దేనితో కలిపి, ఎంత పరిమాణంలో, ఎవరు తింటున్నారో తెలియకుండా ఒక ధాన్యాన్ని మంచిదనో చెడ్డదనో నిర్ణయించడం ఆయుర్వేద సంప్రదాయం కాదు.

చరక సంహిత విమానస్థానం మొదటి అధ్యాయంలో ఆహారాన్ని పరిశీలించడానికి ఎనిమిది అంశాలు చెప్పబడ్డాయి. పదార్థపు సహజ గుణం ప్రకృతి. దానిని వండి, నానబెట్టి, దంచి మార్చుకునే పద్ధతి కరణం. దీనినే సంస్కారం అని కూడా అంటారు. ఇతర పదార్థాలతో కలయిక సంయోగం. పరిమాణం రాశి. పండిన చోటు దేశం. ఋతువూ, రోగి అవస్థా కాలం. తినే నియమాలు ఉపయోగ సంస్థ. తినే మనిషి ఉపయోక్త. ఈ ఎనిమిదింటిలో మొదటిదాన్ని మాత్రమే పట్టుకుని తక్కినవి వదిలేస్తే ఎంత అనర్థం జరుగుతుందో మొక్కజొన్న చరిత్ర చెప్పినంత స్పష్టంగా మరే ధాన్యమూ చెప్పదు. నేను స్వయంగా ఆ పొరపాటు చేసినవాడినే. ఆ సంగతి తగిన చోట విన్నవిస్తాను.

పుట్టుక - పేర్లు

మొక్కజొన్న శాస్త్రీయ నామం 'జియా మేస్'. వరి, గోధుమ, జొన్న, చెరకు వలెనే ఇదీ గడ్డి జాతికి చెందినది. తెలంగాణలో మక్కజొన్న, మక్కలు అంటారు. హిందీలో మక్కా, మకయీ అని వ్యవహారం. కంకిని కోస్తాలో పొత్తు అనీ, తెలంగాణలో మక్క కంకి, మక్కబుట్ట అనీ పిలుస్తారు.

దీని జన్మస్థలం మెక్సికో. సుమారు 9,000 సంవత్సరాల క్రితం అక్కడి ప్రజలు 'టియోసింటే' అనే అడవి గడ్డిని ఏళ్ల తరబడి ఏరి ఏరి సాగుచేసి, నేటి మొక్కజొన్నగా మలిచారు. టియోసింటే కంకికి పట్టుమని పదీ పన్నెండు గట్టి గింజలే ఉంటాయి. 1492లో కొలంబస్ అమెరికా చేరిన తరువాత ఇది ఐరోపాకూ, అక్కడినుండి ఆసియాకూ వచ్చింది. మన దేశానికి పోర్చుగీసు వర్తకుల ద్వారా చేరిందని ఎక్కువమంది పండితుల అభిప్రాయం. కర్ణాటకలోని హొయసల ఆలయ శిల్పాల చేతుల్లో కనిపించేవి మొక్కజొన్న పొత్తులేనని కొందరు 1989లో వాదించగా, అవి పొత్తులు కావని మన దేశపు మొక్కజొన్న శాస్త్రజ్ఞులే 1993లో ఖండించారు.

ఇక్కడ పాఠకులు గుర్తుంచుకోవలసిన విషయం ఒకటి ఉన్నది. చరక, సుశ్రుతుల కాలంలో ఈ ధాన్యం మన దేశంలో లేదు. కాబట్టి దీని గుణాలు తరువాతి వైద్యులు అనుభవం మీద నిర్ణయించినవే. "మన ఋషులు చెప్పిన మొక్కజొన్న వైద్యం" అని ఎవరైనా చెబితే నమ్మనక్కరలేదు.

మొక్క స్వరూపం - సాగు

మొక్క ఐదు నుండి ఎనిమిది అడుగుల వరకు నిటారుగా పెరుగుతుంది. ఒకే మొక్క మీద మగ పూలు, ఆడ పూలు వేర్వేరు చోట్ల పుడతాయి. కొసన కనిపించే జల్లు మగ పూలగుత్తి. కాండం నడుమ, ఆకు మొదట్లో పుట్టేది పొత్తు. పొత్తు కొసనుండి వెలువడే పట్టువంటి పీచు ఆడ పువ్వు భాగం. ఒక్కొక్క పీచు దారం లోపల ఒక్కొక్క గింజకు అంటుకుని ఉంటుంది. జల్లు నుండి గాలికి రాలిన పుప్పొడి ఏ దారం మీద పడుతుందో ఆ గింజ మాత్రమే నిండుతుంది. పొత్తులో అక్కడక్కడ గింజలు లేకుండా బోసిగా ఉంటే, ఆ దారాలకు పుప్పొడి అందలేదని అర్థం.

పెరట్లో పెంచదలచినవారికి ఈ విషయం ఎంతో ఉపయోగకరం. గోడవెంట ఒకే వరుసగా నాటితే పుప్పొడి గాలికి కొట్టుకుపోతుంది. అవే మొక్కలను నాలుగు పొట్టి వరుసలుగా చతురస్రంలో నాటితే పొత్తులు నిండుగా వస్తాయి. వరుసల మధ్య రెండడుగులు, మొక్కల మధ్య జానెడు దూరం ఉంచాలి. గింజను రెండంగుళాలకు మించని లోతులో నాటాలి.

పొలంలో ఖరీఫ్ పంటను జూన్, జూలై నెలల్లోనూ, రబీ పంటను అక్టోబరు, నవంబరు నెలల్లోనూ విత్తుతారు. ఎకరాకు సుమారు 8 కిలోల విత్తనం సరిపోతుంది. ఉత్తర తెలంగాణ జిల్లాల్లో ఇది పాత పంట. కృష్ణా, గుంటూరు ప్రాంతాల్లో వరి కోసిన మాగాణిలో దుక్కి లేకుండానే విత్తే పద్ధతి వ్యాపించింది. 1957లో అఖిల భారత మొక్కజొన్న సమన్వయ పరిశోధన పథకం మొదలై, 1961లో తొలి సంకర రకాలు విడుదలయ్యాయి. వాటిలో ఒకదాని పేరు 'డెక్కన్'.

ఈ పంటకు నీరు ఎక్కువైనా, తక్కువైనా ప్రమాదమే. మొలక దశలో మొదళ్లలో నీరు నిలిస్తే మొక్కలు చనిపోతాయి. జల్లు వేసి పీచు వెలువడే రోజుల్లో తడి లేకపోతే గింజ కట్టదు. లేత ఆకుల మీద తెల్లని చారలు కనిపిస్తే జింకు లోపమని గ్రహించాలి. 2018లో కర్ణాటకలో మొదట కనిపించిన కత్తెర పురుగు కొద్దికాలంలోనే తెలుగునాట కూడా వ్యాపించింది. మొక్క సుడిలో దాగి తినే ఈ పురుగు కోసం రైతులు మందులు చల్లక తప్పడం లేదు. ఈ సంగతి వైద్యంలో కూడా అవసరమవుతుంది కనుక గుర్తుంచుకోండి.

ప్రకృతి - పోషక విలువలు

మొక్కజొన్న రుచికి మధురం, కొంత కషాయం. గుణంలో రూక్షం, అంటే ఒంట్లో పొడితనం కలిగించేది. కఫ పిత్తాలను తగ్గించి వాతాన్ని పెంచుతుందని వైద్యుల అనుభవం. లేత పొత్తు కన్న ముదురు గింజ, ఉడికించినదాని కన్న కాల్చినది, వేయించినది ఎక్కువ రూక్షం.

100 గ్రాముల ఎండు గింజల్లో సుమారు 9 గ్రాముల మాంసకృత్తులు, 4 గ్రాముల లోపు కొవ్వు, 12 గ్రాముల పీచు పదార్థం ఉంటాయి. పసుపు రకాల్లో కంటికి మేలుచేసే లూటిన్, జియాజాంథిన్ అనే రంగు పదార్థాలు ఉన్నాయి. గోధుమలోని గ్లూటెన్ దీనిలో లేదు కనుక, గోధుమ పడనివారికి ఇది మంచి ప్రత్యామ్నాయం. అయితే రెండు లోపాలు కూడా ఉన్నాయి. లైసిన్, ట్రిప్టోఫాన్ అనే ముఖ్యమైన ఆమినో ఆమ్లాలు తక్కువ. నియాసిన్ అనే బి విటమిన్ ఉన్నా, అది ఇతర పదార్థాలతో బంధింపబడి ఉండటం వలన మన ప్రేగులు దానిని చాలావరకు గ్రహించలేవు. ఈ రెండవ లోపం లక్షలాది మందిని రోగగ్రస్తులను చేసింది.

కరణం - సున్నం చెప్పిన పాఠం

మెక్సికో ప్రాంత ప్రజలు వేల ఏళ్లుగా మొక్కజొన్నను సున్నపు నీటిలోనో, బూడిద నీటిలోనో ఉడికించి, రాత్రంతా నానబెట్టి, కడిగి, రుబ్బి రొట్టెలు చేసుకునేవారు. దీనికి తోడు చిక్కుడు గింజలు తినేవారు. సున్నం వలన గింజ పైపొర ఊడి, బంధింపబడిన నియాసిన్ విడుదలవుతుంది. శాస్త్రం తెలియకపోయినా వారి సంస్కారం పరిపూర్ణమైనది.

ఐరోపావారు గింజను తీసుకువెళ్లారు. సున్నాన్ని అక్కడే వదిలేశారు. ఫలితంగా మొక్కజొన్నే ముఖ్యాహారమైన పేద ప్రాంతాల్లో వింత వ్యాధి ఒకటి వ్యాపించింది. ఎండ తగిలే చోట చర్మం నల్లబడి పగులుతుంది. విరేచనాలు పట్టుకుంటాయి. చివరకు మతి చలిస్తుంది. 1735లో స్పెయిన్ వైద్యుడు గాస్పర్ కసాల్ దీనిని గుర్తించాడు. ఇటలీలో దీనికి 'పెల్లాగ్రా' అని పేరు వచ్చింది. గరుకు చర్మం అని ఆ మాటకు అర్థం. 20వ శతాబ్దపు తొలి దశాబ్దాల్లో అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో ఇది విజృంభించింది. అంటువ్యాధి అని అందరూ భయపడుతుంటే, జోసెఫ్ గోల్డ్‌బర్గర్ అనే వైద్యుడు 1916లో తన సహచరులతో కలిసి రోగుల రక్తాన్ని తమ శరీరాల్లోకి ఎక్కించుకుని, వ్యాధి అంటుకోదని, లోపం ఆహారంలోనే ఉన్నదని చూపించాడు. 1937లో ఎల్వెహెమ్ ఆ లోపం నియాసిన్ అని తేల్చాడు.

ఈ కథ మనకు పరాయిది కాదు. దక్కను పీఠభూమిలో జొన్న మాత్రమే తిని బ్రతికే పేదలలో ఇదే వ్యాధి కనిపించింది. హైదరాబాదులో పోషకాహార పరిశోధన సాగించిన సి. గోపాలన్, ఎస్.జి. శ్రీకాంతియా 1960లో దీని గురించి ప్రకటించారు. జొన్నలో అధికంగా ఉండే లూసిన్ కారణం కావచ్చునని వారు ప్రతిపాదించారు. కారణంపై తరువాత చర్చలు జరిగినా, ఒకే ధాన్యం మీద ఆధారపడిన పేదవాడి పళ్లెమే అసలు దోషమన్న విషయంలో సందేహం లేదు.

ఇంట్లో ఈ సంస్కారం చేసుకోవడం కష్టం కాదు. ఒక కిలో ఎండు మొక్కజొన్నలకు మూడు లీటర్ల నీరు, రెండు చెంచాల తాంబూలపు సున్నం, అంటే సుమారు 10 గ్రాములు, సరిపోతుంది. రంగు, సువాసన కలపని శుభ్రమైన సున్నమే వాడాలి. గోడలకు వేసే సున్నం పనికిరాదు. సున్నాన్ని నీటిలో బాగా కలిపి, గింజలు వేసి, ముప్పావు గంట సన్నని సెగ మీద ఉడికించాలి. దించి రాత్రంతా మూతపెట్టి ఉంచాలి. ఉదయం గింజలను అరచేతుల మధ్య రుద్దితే పైపొట్టు జారిపోతుంది. నాలుగైదు నీళ్లు మార్చి కడిగి, రుబ్బుకుని రొట్టెలు చేసుకోవాలి. మామూలు మక్కపిండి రొట్టె విరిగిపోతుంది. ఈ పిండి రొట్టె సాగి చక్కగా వస్తుంది. అల్యూమినియం గిన్నె వాడరాదు. సున్నపు నీరు కంటిలో పడకుండా, పిల్లల చేతికి అందకుండా చూసుకోవాలి.

సంయోగం - దేనితో తినాలి?

అన్నం, పప్పు, కూర, పెరుగు ఉన్న భోజనంలో మొక్కజొన్న ఒక భాగంగా ఉన్నప్పుడు పెల్లాగ్రా భయం లేదు. పప్పుధాన్యాలలోని లైసిన్ మొక్కజొన్న లోపాన్ని పూరిస్తుంది. మన పెద్దలు మక్క గటకను మజ్జిగతోనో, పప్పుతోనో తిన్నారు. లేత మక్కల గారెల్లో శనగపప్పు, అల్లం, పచ్చిమిరప, జీలకర్ర వేశారు. కాల్చిన పొత్తుకు నిమ్మరసం, ఉప్పు, కారం రాసుకుంటారు. ఇవన్నీ రుచికోసమే కాక, వాతాన్ని అణచి జీర్ణశక్తిని పెంచడానికి కూడా ఉపకరిస్తాయి.

ఎదిగే పిల్లలకు వేయించిన మొక్కజొన్నలు రెండు పాళ్లు, పెసలు ఒక పాలు, వేరుశనగపప్పు అర పాలు కలిపి పిండి పట్టించి, పాలతో జావ కాచి ఇవ్వవచ్చును. మాంసకృత్తుల నాణ్యత పెంచిన మొక్కజొన్న రకాలు కూడా ఇప్పుడు ఉన్నాయి. వాటిని రూపొందించిన సురీందర్ వాసల్, ఎవాంజెలినా విలేగాస్‌లకు 2000లో ప్రపంచ ఆహార బహుమతి లభించింది.

నిల్వ - బూజు ప్రమాదం

తడి ఆరని గింజలకు బూజు పడితే 'అఫ్లటాక్సిన్' అనే విషం పుడుతుంది. 1974లో రాజస్థాన్, గుజరాత్ సరిహద్దు గ్రామాల్లో వానకు తడిసిన మొక్కజొన్న తిన్న గిరిజనులలో కామెర్లు వ్యాపించి, వందమందికి పైగా మరణించారు. ఈ విషం వండినా పూర్తిగా పోదు. గింజలు కొరికితే పటుక్కుమనే వరకు ఎండబెట్టి, గాలి చొరని డబ్బాల్లో నిల్వచేయాలి. నల్లబడిన, ఆకుపచ్చ పొడి పట్టిన, ముక్కవాసన వేసే గింజలను కడిగి వాడుకుందామని చూడకండి. పశువులకు కూడా వేయకండి. పారవేయండి.

పీచు కషాయం - నా పొరపాటు

మొక్కజొన్నలో ఔషధంగా ఎక్కువ పేరుపొందినది పీచు. ఇది మూత్రలం, అంటే మూత్రాన్ని జారీ చేసేది. చైనాలోనూ, ఐరోపాలోనూ మూత్రంలో మంటకు దీనిని చాలాకాలంగా వాడుతున్నారు. నేనూ వాడించాను.

2009లో మా మేనమామగారు నడుము పక్కన నొప్పి అంటే, చిన్న రాయి ఉన్నదని పరీక్షలో తెలిసింది. "రోజూ పీచు కషాయం పుచ్చుకోండి మామయ్యా, మేలు చేస్తుంది" అని ఫోనులో చెప్పాను. అంతకుమించి ఏమీ చెప్పలేదు. ఆయనకు నా మాట మీద ఎంతో గురి. రెండు నెలలు క్రమం తప్పక పుచ్చుకున్నారు. నొప్పి తగ్గింది. రాయి కరిగిపోయిందని సంతోషించి, వైద్యుడు చెప్పిన రెండవ పరీక్ష మానుకున్నారు. ఒకనాటి రాత్రి చలిజ్వరంతో వణుకుతుంటే ఆసుపత్రికి తీసుకువెళ్లారు. రాయి మూత్రనాళంలో అడ్డుపడి, మూత్రపిండం వాచి, చీము పట్టింది. ప్రాణం దక్కింది కాని ఆ మూత్రపిండం సగానికి పైగా దెబ్బతిన్నది. పరామర్శకు వెళ్లిన నన్ను ఆయన పల్లెత్తు మాట అనలేదు. "నీవు మంచే చెప్పావురా, నేనే అతిగా నమ్మాను" అన్నారు. ఆ మాట నన్ను ఇప్పటికీ బాధిస్తున్నది. నేను ద్రవ్యం చెప్పాను. దాని హద్దు చెప్పలేదు. నొప్పి తగ్గినంత మాత్రాన రాయి పోయినట్లు కాదని చెప్పలేదు. ఐరోపావారు సున్నం వదిలేసినట్లే, నేనూ విధానాన్ని వదిలేశాను.

కాబట్టి ఇప్పుడు విధానంతో సహా చెబుతున్నాను.

1. ఎండల్లో నీరు చాలక మూత్రం పచ్చగా, కొద్దిపాటి మంటతో వస్తుంటే రెండు పొత్తుల లేత పీచును శుభ్రంగా కడిగి, రెండు గ్లాసుల నీటిలో వేసి ఒక గ్లాసు మిగిలే వరకు కాచి వడగట్టాలి. ఉదయం సగం, సాయంత్రం సగం పుచ్చుకోవాలి. మంచినీరు కూడా బాగా తాగాలి.

2. మూడు రోజుల్లో గుణం కనిపించకపోతే మూత్ర పరీక్ష చేయించుకోవాలి. గుణం కనిపించినా వారానికి మించి వాడరాదు.

3. ఇది మూత్రపిండాల్లోని రాళ్లను కరిగిస్తుందనడానికి తగిన ఆధారం లేదు. రాయి ఉన్నవారు వైద్యుని పర్యవేక్షణ మానరాదు. జ్వరం, చలి, వాంతులు, మూత్రంలో రక్తం, మూత్రం బంద్ కావడం వంటి లక్షణాలు ఉంటే కషాయం మాట మరచి వెంటనే ఆసుపత్రికి వెళ్లాలి.

4. రక్తపోటుకు, మధుమేహానికి, రక్తం పలచబడటానికి మందులు వాడేవారు, మూత్రపిండాల జబ్బు ఉన్నవారు వైద్యుని అడగకుండా వాడరాదు. గర్భిణులు మానుకోవడమే ఉత్తమం.

5. మందులు చల్లిన పొలం పీచు పనికిరాదు. పెరటి మొక్కదో, మందు చల్లలేదని తెలిసిన రైతుదో తెచ్చుకోండి.

రాశి, ఉపయోక్త

మధుమేహులు పొత్తు తిన్నపూట అన్నం, రొట్టె తగ్గించుకోవాలి. అటుకులుగా చేసి అమ్మే కార్న్‌ఫ్లేక్స్ రక్తంలో చక్కెరను త్వరగా పెంచుతాయి. గింజకు ఉన్న నిదానం వాటికి లేదు. నూనె, వెన్న లేని పేలాలు మలబద్ధకం ఉన్నవారికి పీచునిస్తాయి కాని, తగినంత నీరు తాగకపోతే బాధ ఎక్కువవుతుంది. నాలుగేళ్లలోపు పిల్లలకు పేలాలు పెట్టరాదు. గొంతులో అడ్డుపడే ప్రమాదం కలదు. కడుపుబ్బరం, వాతనొప్పులు ఉన్నవారు కాల్చిన ముదురు పొత్తు మాని, ఉడికించిన లేత పొత్తును కొంచెం నెయ్యి, మిరియాల పొడితో నమిలి తినాలి.

ఇతర ఉపయోగాలు

ఈ మొక్కలో వృథా అయ్యేది లేదు. గింజలో పెద్దభాగం కోళ్ల దాణాకు పోతుంది. గంజిపిండి వంటకూ, మాత్రల తయారీకీ, బట్టల పరిశ్రమకూ ఉపయోగిస్తుంది. అంకురం నుండి వంటనూనె తీస్తారు. ఇంధనంగా వాడే ఇథనాల్ కూడా దీనినుండి తయారవుతుంది. పచ్చిచొప్ప పాడిపశువులకు మేత, గింజలు ఒలిచిన బెండ్లు పొయ్యిలోకి వంటచెరకు.

ఇక మొదటి ప్రశ్నకు వద్దాం. మొక్కజొన్న వేడి చేస్తుందా, చలవ చేస్తుందా? ఉడికించిన లేత పొత్తు, పప్పు తోడైన గటక, మజ్జిగతో తిన్న జావ చాలామందికి హితమే. ఆకలి లేనప్పుడు తిన్న ముదురు పొత్తు, బూజుపట్టిన గింజ, హద్దు తెలియని కషాయం ఎవరికీ హితం కాదు. ఈసారి ఎవరైనా మీకు "ఫలానాది మంచిది" అని చెబితే, "ఎలా, ఎంత, ఎన్నాళ్లు, ఎవరికి, ఎప్పుడు ఆపాలి?" అని తప్పక అడగండి. మీరు ఇతరులకు చెప్పేటప్పుడు కూడా ఈ ఐదు సంగతులతో కలిపే చెప్పండి.